శ్రీ బాణోత్ మోతీలాల్ గారి శుక్రవారాలు

పందొమ్మిది వందల తొంభై ఏడవ సంవత్సరం ఆగస్టు పదకొండవ తేదీన శ్రీ బాణోత్ మోతీలాల్ గారు సహాయ ప్రభుత్వ న్యాయవాదిగా విధుల్లో చేరారు. ఈ నెలాఖరున పదవీ విరమణ చేయనున్న ఆ సహృదయుని గూర్చి నాలుగు మాటలు వ్రాసే భాగ్యం, భద్రాచలం కోర్టులో బెంచి క్లర్కుగా పనిచేస్తున్న నాకు దక్కింది. "కాస్త ఉదాత్తంగా వ్రాయమ్మా" అని వీడ్కోలు సంచిక సంఘం వారు మరీమరీ చెప్పారు. ప్రయత్నిస్తాను. మధ్యలో కాలు జారితే పెద్దలు మన్నించాలి.

నేలకొండపల్లి సమీపంలోని ఒక తండాలో రైతు దంపతులకు జన్మించి, ఖమ్మం హాస్టళ్ళలో చదువుకొని, న్యాయశాస్త్ర పట్టా పుచ్చుకొని, ఖమ్మంలోనే ఒక సీనియర్ న్యాయవాది వద్ద మెళకువలు నేర్చిన వారు, ఉద్యోగరీత్యా మధిర, సత్తుపల్లి, కొత్తగూడెం పట్టణాల్లో పనిచేసి, చివరకు మా భాగ్యవశాన భద్రాచలం చేరుకున్నారు. వాదనలో నిప్పు, వ్యవహారంలో వెన్న. కాగితాలు సరిగా లేకుండా కేసు తెచ్చినవారికి మాత్రం ఆ వెన్న దొరికేది కాదు.

న్యాయవాది నవలా రచయితగా మారిన వైనం చిత్రమైనది. ఒక హత్య కేసులో అడవి గూడెం నుంచి వచ్చిన సాక్షిని "ఆ రోజు గొడ్డలి ఎక్కడున్నది?" అని వారు ప్రశ్నిస్తే, ఆమె తన మేక నొప్పులు పడుతున్న సంగతితో మొదలుపెట్టింది. "అడిగిందానికే జవాబు చెప్పమ్మా" అన్నారు వారు. ఆమె గొడ్డలి గురించి చెప్పి దిగిపోయింది. కేసు గెలిచారు. తీర్పు వచ్చిన సాయంత్రం నా బల్ల దగ్గర నిలబడి, "ఆ మేక ఈనిందో లేదో తెల్వకనే పాయె ఉషమ్మా! మనం వద్దన్న మాటలన్నీ యాడికి పోతయి?" అన్నారు. ఆ మాటలు పోయిన చోటే వెతికి 'మేక ఈనిన రోజు' అనే తొలి నవల వ్రాశారు. అటుపిమ్మట మరో రెండు నవలలు వెలువడ్డాయి.

ఎక్కడెక్కడి పాఠకులో ప్రశంసించారు గానీ, దగ్గరివారు దూరమయ్యారు. క్యాంటీన్‌లోకి వారు అడుగు పెడితే చాలు, "నోర్లు మూసుకోండ్రి, పుస్తకం వస్తున్నది" అని ఎవరో ఒకరు ఆటపట్టించేవారు. ఆట ముదిరి అలవాటైంది; వారు కూర్చున్న బల్ల దగ్గర మరొక కుర్చీ జరగడం మానేసింది. తండాలోనూ అంతే. "మనింటి ముచ్చట్లు ఊరికి చాటుతున్నవా?" అని బంధువులు నిష్ఠూరమాడారు.

వారికి మిగిలిన శ్రోత ఒక్కరే, సహధర్మచారిణి హేమ్లి గారు. సంతానం లేని ఆ ఇంట్లో రోజూ సాయంత్రం వారు వ్రాసింది తమ లంబాడీ మాటల్లోకి మార్చి చదివితే, అక్షరం ముక్క రాని ఆ తల్లి వింటూ బియ్యం ఏరేవారట. "గట్ల ఎవ్వలు ఏడ్వరు" అంటే ఆ పేజీ చిరిగిపోయేదట. మూడేళ్ళ క్రితం ఆమె జబ్బు చేసి కాలం చేశారు.

అప్పటినుంచి ప్రతి శుక్రవారం పని ముగిశాక, కోర్టు వసారాలో మా అటెండర్ బిక్షపతికీ నాకూ వారు తమ పాత నవలలు చదివి వినిపించేవారు. సాక్షుల పేర్లను గుమ్మంలో నిలబడి ముమ్మారు పిలవడం బిక్షపతి ఉద్యోగం. చదువు మొదలయ్యే ముందు అతడు సరదాగా నవలలోని మనిషిని కూడా అలాగే పిలిచేవాడు. అబ్బో, ఎంత నవ్వుకునేవాళ్ళమో!

పోయిన వానకాలంలో ఒక శుక్రవారం వారు కొత్త నవల తెచ్చారు. "ఎవల్ని పిలువాలె సార్?" అన్నాడు బిక్షపతి. వారు మొదటి పేజీ తీసి, "హేమ్లి" అన్నారు. బిక్షపతి గుమ్మంలో నిలబడి, చిన్నగొంతుతో కాదు, రోజూ పిలిచే గొంతుతోనే పిలిచాడు.

"బాణోత్ హేమ్లీ! బాణోత్ హేమ్లీ! బాణోత్ హేమ్లీ!"

తర్వాత, ముప్పై ఏళ్ళ అలవాటు నోట్లోంచి ఊడిపడింది. లోపలికి తిరిగి, "మూడుసార్లు పిలిచిన సార్. హాజరు లేదు" అన్నాడు.

అన్నాక గానీ అతడికి తెలియలేదు ఏమన్నాడో. నాకు ఏడుపు ఆగలేదు. మోతీలాల్ గారు కళ్ళద్దాలు తీసి తుడుచుకొని, "వాయిదా వేద్దాం" అని లేచారు. ఆ నవల మళ్ళీ తెరవలేదు. మూడు పుస్తకాల మనిషి నాలుగోదాని మధ్యలో ఆగిపోయారు; ఇక వ్రాయరేమోనన్నదే నా భయం.

పదవీ విరమణానంతరం ఉండేందుకు, హేమ్లి గారికి గోదారి ఒడ్డు ఇష్టమని, పర్ణశాలలో ఇల్లు కిరాయికి తీసుకున్నారు. ఈ వ్యాసం సంగతి చెబితే, "రాస్తె రాయుండ్రి ఉషమ్మా. నూరేండ్లు బతుకుమని మాత్రం దీవించకుండ్రి. ఒక్కణ్ణి అన్నేండ్లు ఏం చేయాలె?" అన్నారు. వ్యాసం చివర అదే కదా వ్రాయాల్సింది!

అయ్యా, తమరి ఆజ్ఞ శిరసావహిస్తున్నాను. నూరేళ్ళని అనను. కానీ సాక్షి పిలిస్తే రాలేదని కేసు మూసేయరాదనీ, మరొక తేదీ ఇవ్వాలనీ ఇన్నేళ్ళూ మా కళ్ళెదుట వాదించింది తమరే. పర్ణశాల నుంచి బస్సులో గంట ప్రయాణం. వసారాలో తమ కుర్చీని ఎవరైనా జరిపితే బిక్షపతి ఊరుకోడు. మొన్న అతడే నాతో అన్నాడు: "ఈసారి నేను పిలువ మేడం. సారు చదువుతనే ఉండాలె. ఆమెనే వస్తది."

శ్రీరామచంద్రుడు తమకు వచ్చే శుక్రవారం దాకా ఆయురారోగ్యాలు ప్రసాదించుగాక. ఆ శుక్రవారం నాడు, ఆపై శుక్రవారానికి మేము వాయిదా కోరుకుంటాం.

ఉషారాణి,
బెంచి క్లర్కు