ఖాళీగా తిరిగివ్వని గిన్నె

ఒరాన్ నగరంలో ఓ పరాయి దేశపు కాన్సులేట్ ముందు, వీసా కోసం లోపలికి వెళ్లిన పెద్దావిడ బయటికొచ్చింది. అంతసేపూ ఆవిడ మిఠాయి గిన్నె పట్టుకుని, క్యూలో ఒక నడివయసు మనిషి నిలబడి ఉన్నాడు.

"ఏం పిన్నీ, పాస్‌పోర్టు మొహాన కొట్టారా?"

"నీ నోట మంచిమాట రాదేం నాయనా? ఉంచుకున్నారు. వారం తర్వాత రమ్మన్నారు."

"ఉంచుకున్నారా! నాది రెండుసార్లు అక్కడికక్కడే తిరిగిచ్చేశారు. ఏమడిగారు?"

"కూతురి పురుడయ్యాక తిరిగొస్తావని నమ్మకమేంటి, ఇల్లుందా, పొలముందా అంది లోపలి అమ్మాయి."

"ఉన్నాయా?"

"అద్దె గది. అందుకే ఉన్నమాట చెప్పాను. పక్కింటి ఖైరా పండక్కి కూస్‌కూస్ వండి పంపిన గిన్నె ఇంట్లో నా దగ్గరే ఉంది, అది నింపి ఇవ్వకుండా ఎక్కడికి పోతానమ్మా అన్నాను."

"అయ్యో రాత! వీసాకి గిన్నె సాక్ష్యమా?"

"అక్కడున్న దుబాసీ మనవాడే. మా అమ్మా ఇంతే, గిన్నె ఖాళీగా తిరిగిస్తే పరువు పోయిందంటుందని ఆమెకు చెప్పాడు. ఆమె నవ్వి వేలిముద్రలు తీసుకుంది."

"నీకు ఖైరా ఉంది. నేను అన్న కూతురి పెళ్లికెళ్తే, ఇక్కడ నాకోసం ఎదురుచూసే పిల్లి కూడా లేదు. ఏం చెప్పను?"

"ఆ మిఠాయి తినెయ్. ఇది ఖైరాది కాదు, నా గిన్నె. నీ దగ్గరే ఉంచుకో. మాది సంతవీధిలో రొట్టెల కొట్టు వెనకిల్లు."

"పిన్నీ..."

"పిలుస్తున్నారు, వెళ్లు."

"వెళ్తాలే. ముందిది చెప్పు, పెళ్లి నుంచి వచ్చేటప్పుడు ఇందులో ఏం నింపి తెమ్మంటావు?"