పై కోర్టు

జిల్లా కోర్టు వరండాలో వకీలు షాహిద్ గడియారం చూసుకుంటున్నాడు. జప్తయిన ఆటో కోసం అప్పీలు వేయడానికి అదే ఆఖరి రోజు. ఆటో యజమాని అంజన్న ఆయాసపడుతూ మెట్లు దిగి వచ్చాడు.

“యాడికి పోయినవే అంజన్నా?”

“పై కోర్టుకు పోవాలె అంటిరి గద సాబ్. పోయొచ్చిన.”

“పైన నీళ్ల టాంకీ తప్ప ఏమున్నది?”

“అండ్లకెళ్లి ఒకాయన తల బయటకు పెట్టిండు. దండం పెట్టి అంతా చెప్పుకున్న.”

“ఆయన టాంకీ కడిగెటోడు. పై కోర్టంటే పెద్ద కోర్టు. అది గీ కింది అంతస్తులనే ఉన్నది.”

“పై కోర్టును కింద పెట్టుకొని నన్నంటే ఎట్ల?”

“సరే, ఏం చెప్పుకున్నవ్?”

“కిరాయికి పిలిచినోడు కోళ్ల దాణా అన్నడు. మూటల్ల రేషన్ బియ్యమని నాకు తెల్వదు. ఒక నోటీసు ఇయ్యలే, ఒక్క మాట అడగలే, ఆటో సర్కారుదైందన్నరు. గదే చెప్పిన. ఆయన చీపురు పక్కకు పెట్టి మొత్తం ఇన్నడు.”

షాహిద్ ముఖం మారింది.

“నోటీసే ఇయ్యలేదా? గా ఒక్క ముక్కతోని ఆర్డర్ కొట్టేస్తరు గదనే. ఇన్ని దినాలు నాకెందుకు చెప్పలే?”

“నోరు తెరిచినప్పుడల్లా ‘నాకంతా ఎరుకే’ అంటిరి.”

షాహిద్ మళ్లీ గడియారం చూసుకున్నాడు.

“నడువు, ఇప్పుడే రాపిద్దాం. మొదటికెళ్లి మల్ల చెప్పు.”

“చెప్త. నడుమల మీరు మాట్లాడొద్దు.”