ఏప్రిల్లో రావాల్సిన పెట్టె

మిన్నెసోటా ఉత్తరాన, పొలాల మధ్య ఒక చిన్న ఊరి పోస్టాఫీసు. జూన్ నెల, పొద్దున. కిటికీకి లోపల పోస్టుమిస్ట్రెస్ మార్లిస్. బయట, టోపీ తీసి చేత్తో పట్టుకుని ముసలి ఆర్విడ్. ఆ చుట్టుపక్కల చర్చిలన్నీ గాలించినా ఆయనంత కోతలరాయుడు దొరకడని పేరు. పెళ్ళాం సోల్విగ్‌ని మట్టిలో పెట్టి వచ్చిన దగ్గర్నుంచీ మాత్రం ఆయన ఒక్క కోతా కొయ్యలేదు.

"ఆ పెట్టెని ఆగస్టుకి మార్చు."

"మార్చడానికి అవేమన్నా కాళ్ళజోళ్ళా ఆర్విడ్? టపాలో వచ్చే బతికున్న కోడిపిల్లలు."

"తెలుసు."

"తెలిసే అడుగుతున్నారా? గుడ్డు పగలకముందు కడుపులోకి లాక్కున్న పచ్చసొన ఒక్కటే వాటికి దారి బత్తెం. అది అరిగేలోపల దించాలి, నీళ్ళు చూపించాలి. ఆగస్టు దాకా నా బల్ల కింద దాచుకోమంటారా?"

"అయితే డ్వేన్ ఇంటికి పంపు."

"మీ పొలం పక్క డ్వేనా?"

"ఆ. దీపం కూడా వాడికే ఇచ్చేశాను. కోడిపిల్లలకి వెచ్చగా ఉండడానికి పైన వేలాడదీసే ఎర్ర దీపం. నీళ్ళ డబ్బాలూ, దాణా తొట్లూ, అన్నీ."

"డ్వేన్ అడిగాడా?"

"లేదు. వాడి వాకిట్లో దింపేసి వచ్చాను."

"ఏమన్నాడు?"

"ఇంట్లో లేడు. లేనప్పుడు చూసే వెళ్ళాను."

"డ్వేన్‌కి పంపడానికి పెట్టె మీద పేరు డ్వేన్‌ది కాదు కదా."

"కొట్టేసి రాయి. నీ పనేగా అది."

"నా పని పేర్లు చదవడం. కొట్టెయ్యడం కాదు."

"అయితే వచ్చిన చోటికే తిప్పి పంపు. తప్పు వాళ్ళది. గుడ్లు పొదిగించి పిల్లల్ని అమ్మే ఆ హేచరీ వాళ్ళది."

"వాళ్ళేం తప్పు చేశారు?"

"నిన్న కార్డు వచ్చింది. మీ కోడిపిల్లలు ఈ వారం బయల్దేరుతున్నాయి అని. జూన్‌లో కోడిపిల్లలేంటి? సోల్విగ్ ఏనాడన్నా జూన్‌లో తెప్పించిందా? ఏప్రిల్లో, వాకిట్లో మంచు ఇంకా ఉండగానే తెప్పించేది. వంటింట్లో పొయ్యి పక్కన పెట్టేది. ఈ ఏడు ఏప్రిల్లో రాలేదు. మంచాన ఉంది కదా, ఆర్డరు ఇవ్వలేదనుకున్నాను. నేనూ అడగలేదు."

"ఆవిడ చెప్పలేదా?"

"లేదు. వాళ్ళే ఎక్కడో పొరపాటు పడ్డారు."

"ఏమో మరి."

"ఏమో ఏంటి. పొరపాటే."

"సరే. కాసేపు కూర్చోండి."

"కూర్చోడానికి రాలేదు."

"ఏం తిన్నారు పొద్దున?"

"తిన్నాను."

"ఏం తిన్నారు అని అడిగాను."

"గుర్తులేదు. బిస్కెట్టు."

"ఆర్విడ్, నేను ప్రతి ఏడూ పిల్లల పెట్టె రాగానే తెల్లారకముందే మీ ఇంటికి ఫోన్ చేసేదాన్ని, గుర్తుందా?"

"నాకేం తెలుసు? ఆవిడే ఎత్తేది."

"ఆవిడే ఎత్తేది. నేను పలికేదాన్ని కాదు. ఫోను తీసుకెళ్ళి పెట్టె మీద పెట్టేదాన్ని. లోపల కిచకిచలు. కాసేపు వినేది, 'వస్తున్నా' అనేది, పెట్టేసేది. మా ఇద్దరి మధ్యా అంతే మాట."

"నాకెప్పుడూ చెప్పలేదు."

"చెప్పడానికేముంది అందులో. ఇవాళ కూడా చేశాను."

"ఏంటి?"

"ఫోను. పొద్దున్నే, మీకు."

"ఎందుకు?"

"ఊరికే."

"వినపడలేదు."

"చెవి మిషను ఏదీ?"

"జేబులో ఉంది."

"జేబుతో వింటున్నారా ఇప్పుడు?"

"నీ గొంతు లావు కాబట్టి సరిపోతోంది. సన్నటి చప్పుళ్ళే వినపడవు."

"మరి పెట్టుకోవచ్చుగా?"

"ఇంట్లో వినడానికేముంది? ఫ్రిజ్జు. ఇంకో పని ఉంది నీతో. ఉత్తరాలు ఆపెయ్."

"ఊరెళ్తున్నారా?"

"లేదు."

"మరి?"

"ఆపెయ్. అంతే."

"ఎప్పటిదాకా?"

"తెలీదు."

"ఊళ్ళోనే ఉండి ఉత్తరాలు వద్దంటే ఎలా ఆర్విడ్?"

"రోడ్డు మీది ఉత్తరాల డబ్బా దాకా నడవాలి. నడిస్తే అన్నీ ఆవిడ పేరు మీదే ఉంటాయి. విత్తనాల వాళ్ళు. కళ్ళజోళ్ళ వాళ్ళు. రెండో జోడు చవగ్గా ఇస్తారట ఆవిడకి."

"నేను ఏరి ఉంచుతాను అలాంటివి. మీవి మీకు పంపుతాను."

"నాకెవరు రాస్తారు?"

"ఏదో ఒకటి వస్తుంది లెండి. హాఁ, రా లవోన్, రా. ఏం కావాలి?"

"స్టాంపులమ్మా. ఓ, ఆర్విడ్! ఎలా ఉన్నారు?"

"పర్లేదు లవోన్."

"నేను వండి పంపిన హాట్‌డిష్ తిన్నారా? పైన బంగాళాదుంప ముక్కలు బాగా మాడాయేమో కదా?"

"బాగుంది. మీ పళ్ళెం ట్రక్కులో ఉంది. అడుగున ప్లాస్టర్ మీద మీ పేరుంది. సోల్విగ్ పోయాక అందరూ వండి తెచ్చిన పళ్ళాల్లో అదే ఆఖరిది. మిగతావన్నీ ఎవరివి వాళ్ళకి ఇచ్చేశాను."

"అప్పుడేనా? ఎందుకంత తొందర? ఒకసారి ఖాళీ చేసిస్తే మళ్ళీ నింపి ఇచ్చేదాన్నిగా."

"చాలు లవోన్. చాలా పెట్టారు అందరూ."

"అయ్యో, ఏం పెట్టాం. ఏమే మార్లిస్, వెనక గదిలో ఏంటే ఆ..."

"ఇవిగో నీ స్టాంపులు."

"స్టాంపులు సరే, ఆ కిచ..."

"పూల బొమ్మవి లేవు లవోన్, జెండావే ఉన్నాయి. తీసుకుని బయల్దేరు."

"తరుముతావేంటే? నేను అడిగింది..."

"లవోన్. వెళ్ళు. సాయంత్రం చెప్తాను."

"ఓ. ఓహో. సరే సరే. అర్థమైంది. వెళ్తున్నా. ఆర్విడ్, ట్రక్కు తలుపు తీసే ఉందా? నేనే తీసుకుంటాను పళ్ళెం."

"తీసే ఉంది."

"ఉంటాను మరి. చలిగాలి తగలనివ్వకండి."

"జూన్‌లో చలేంటి?"

"ఏదో అన్నాలెండి. పదిలం."

"ఏమైందామెకి మార్లిస్?"

"ఎవరికి? లవోన్‌కా? పుట్టినప్పుడు అయింది ఏదో. ఆర్విడ్, ఆ కోడి కథ ఒకసారి చెప్పండి."

"ఏ కోడి?"

"అదే. రాత్రిపూట ఆకాశంలో పచ్చవెలుగులు ఆడుతుంటే చూసి, తెల్లారిందనుకుని గుడ్డు పెట్టిందే. వెలుగు ఆరేది, మళ్ళీ వచ్చేది, ఇది మళ్ళీ తెల్లారిందనుకునేది, మళ్ళీ పెట్టేది. పొద్దుటికి బుట్టెడు. పెంకులు పచ్చగా వెలిగేవి, ఆ వెలుతుర్లో మీరు పేపరు చదువుకునేవారు."

"అలాంటిదేం జరగలేదు."

"జరగలేదని నాకూ తెలుసండీ."

"మామూలు కోడి అది. చలికాలం అసలు పెట్టేదే కాదు."

"మరి పోస్టు బండి వెంట ఫార్గో పట్నం దాకా పరుగెత్తి, అక్కడ నెత్తిన ముద్ర వేయించుకుని మర్నాటి టపాలో తిరిగొచ్చిన పెట్ట?"

"అది బండి కింద పడింది."

"ఏంటి?"

"చచ్చిపోయింది. దొడ్డి వెనక పాతిపెట్టాను."

"నాకు ఇన్నేళ్ళూ అది చెప్పలేదు మీరు."

"సోల్విగ్ ఏడుస్తూ కూర్చుంది ఆ రోజు. నువ్వు అప్పుడు పాలకోసం వచ్చేదానివి, ఇంతుండేదానివి. పెట్ట ఏదీ అని అడిగావు. ఫార్గో వెళ్ళింది, రేపు టపాలో వస్తుంది అని చెప్పింది ఆవిడ. ముద్ర సంగతీ ఆవిడే అల్లింది. నేను నలుగుర్లో చెప్పేవాణ్ణి, అంతే."

"మర్నాడు పెట్టని చూపించారుగా నాకు? నెత్తిన సిరా మరక కూడా ఉంది."

"అది ఇంకో పెట్ట. మరక కూడా ఆవిడే వేసింది."

"అన్ని కథలూ ఆవిడవేనా?"

"చాలా వరకు. ఇంక ఏం చెప్పమంటావు నన్ను? పెట్టె సంగతి తేల్చు. నేను పోవాలి."

"ఎక్కడికి పోవాలి?"

"ఇంటికి."

"ఇంటికెళ్ళి?"

"కూర్చోవాలి."

"పెట్టెని నేను ఎక్కడికీ మార్చలేను ఆర్విడ్."

"ఎందుకని? ఇంకా దార్లోనే ఉంటుందిగా?"

"దార్లో లేదు. వచ్చేసింది. ఈ తలుపు వెనకే ఉంది. మీరు వచ్చిన దగ్గర్నుంచీ గోల పెడుతున్నాయి."

"నాకేం వినపడటం లేదు."

"తెలుసు."

"వచ్చేస్తే వచ్చేసింది. డ్వేన్‌కి ఫోన్ చెయ్యి. వచ్చి పట్టుకుపోతాడు."

"డ్వేన్ తెల్లారేసరికే వచ్చాడు. వాకిట్లో దీపం ఎవరు దింపారో వాడికి తెలియదా? తెచ్చి ఇక్కడ పెట్టి వెళ్ళాడు. తొట్లు కూడా. అవిగో, బల్ల కింద."

"నాకొద్దు."

"సరే."

"నేను పెంచలేను మార్లిస్. నాకు చేతకాదు. తాగడం నేర్పడానికి ఒక్కోదాని ముక్కూ నీళ్ళలో ముంచేది ఆవిడ. నేను దీపం వేలాడదీసేవాణ్ణి, అంతే."

"చూశారుగా ఆవిడ ముంచడం."

"చూశాను."

"ఎన్నేళ్ళు చూశారు?"

"పేరు మార్చి రాయి అంటున్నాను. సోల్విగ్ లేదు. లేని మనిషి పేరు మీద వచ్చినదాన్ని నేను పట్టుకెళ్ళను."

"సోల్విగ్ పేరు మీద రాలేదు."

"ఆవిడ ఎప్పుడూ తన పేరు మీదే తెప్పిస్తుంది."

"ఈసారి కాదు. ఉండండి, పెట్టె తెస్తాను. ఇదిగో. చదవండి. కళ్ళజోడన్నా ఉందా, అది కూడా జేబులోనేనా?"

"ఉంది. ఇది... నా పేరు."

"మీ పేరే."

"నేను తెప్పించలేదు."

"మీరు తెప్పించలేదు."

"చెప్పానుగా. పొరపాటు పడ్డారు వాళ్ళు."

"మార్చి నెలలో ఒకరోజు ఆసుపత్రి నుంచి వస్తూ ఇక్కడ ఆగారు మీరిద్దరూ. మీరు ట్రక్కు ఇంజను ఆపకుండా బయటే కూర్చున్నారు."

"స్టాంపులు కొనాలంది."

"స్టాంపులు కొనలేదు."

"చాలాసేపు పట్టింది. హారన్ కొట్టాను నేను."

"కొట్టారు. మాకు వినపడింది."

"వచ్చాక కసిరాను కూడా. స్టాంపులు కొంటున్నావా, అచ్చేస్తున్నావా అని."

"ఏమంది?"

"నవ్వింది. ఏం చేసింది ఇక్కడ అంతసేపు?"

"కొంతసేపు కుర్చీలో కూర్చుంది, ఊపిరి అందక. తర్వాత ఈ ఫోను అడిగింది. హేచరీకి చేసింది. ఏప్రిల్‌కని చెప్పి ఉంచిన పిల్లల్ని జూన్‌కి మార్చమంది. ఇంకా గుడ్లు పొదగేసి ఉండరు కదా, మార్చొచ్చు కదా అని అడిగింది. వాళ్ళు మార్చారు. తన పేరు తీసేయించి మీ పేరు పెట్టించింది. ఇంటికి పంపొద్దు, పోస్టాఫీసులోనే ఉంచమని చెప్పింది. ఇంటి దాకా వస్తే ఆయన తలుపు తియ్యడు, నీ దగ్గరికైతే కనీసం వద్దని చెప్పడానికన్నా వస్తాడు అంది నాతో."

"పొరపాటు కాదన్నమాట."

"కాదు."

"నీకు మార్చి నుంచీ తెలుసు."

"తెలుసు. మాట తీసుకుంది నా దగ్గర."

"మార్చిలో డాక్టరు ఇంకో మందు ఉందన్నాడు మార్లిస్. ఎండాకాలానికి లేచి తిరుగుతుందన్నాడు. ఆ రోజే అన్నాడు. మేం నమ్మాం."

"మీరు నమ్మారు."

"ఆవిడా తలూపింది."

"ఊపి ఉంటుంది."

"జూన్ ఎందుకని అడగలేదా నువ్వు?"

"అడిగాను. పళ్ళాలన్నీ ఎవరివి వాళ్ళకి చేరేదాకా ఇంటికి మనుషులు వస్తూనే ఉంటారు, ఆ తర్వాతే ఎవరూ రారు, అప్పుడు రావాలి ఇవి అంది. లెక్క వేసే చెప్పింది. కానీ నాకు అప్పుడు అర్థం కాలేదు. ఏప్రిల్లో అయితే నష్టమేంటి, ఎప్పుడూ వచ్చేవేగా అన్నాను."

"దానికేమంది?"

"చెప్పమంటారా?"

"ఆగు. ఈ మిషను చెవిలో పెట్టుకోనీ. ఆ. అబ్బ, ఏంటీ గోల. కోడిపిల్లలా ఇవి, లూథరన్ చర్చి ఆడవాళ్ళా?"

"వినపడుతున్నాయా?"

"ఊఁ. ఇప్పుడు చెప్పు. ఏమంది?"

"'ఏప్రిల్లో ఎందుకే పిచ్చిదానా, ఏప్రిల్లో నేనింకా ఉంటానుగా' అంది."