పాటకి ప్రాణం పోసిన రోస్కో

న్యూయార్క్ హార్లెం పేటలో ఒడెస్సా నడిపే బారు పొద్దుగూకితే గానీ తెరవరు. బ్యాండువాళ్లకి మాత్రం మధ్యాహ్నం నుంచే వెనక తలుపు తీసి ఉంటుంది. వేయించిన చేపలు, చల్లటి బీరు, బోలెడన్ని చాడీలు. ఆ రోజు చాడీలకి సందు దొరకలేదు, రోస్కో నోరు తెరిచాడు.

శనివారాలు అక్కడ ట్రంపెట్ వాయించే కుర్చీ ఏళ్ల తరబడి క్లియాన్‌ది. ఇప్పుడు దాని మీద రోస్కో కన్ను పడింది. చికాగో నుంచి దిగి వారం కాలేదు, సూటు మాత్రం పెళ్లికొడుకుది. నిన్న ఓ పాట ఊదాడు, ఫర్వాలేదనిపించాడు. ఇద్దరిలో ఎవరో ఈ పూట తేలుస్తానంది ఒడెస్సా. గ్లాసులు తుడుస్తూ వీడి కోతలు వింటోంది. ఆ వినడం చూసి క్లియాన్ చేప పళ్లెం పక్కకి తోసేశాడు.

"'కిటికీ మూయకు' పాట వాయించనివాడు ఇవాళ దేశంలో లేడు కదక్కా, అదెక్కడ పుట్టిందనుకున్నావు? బ్రాడ్వేలో ఓ దిక్కుమాలిన నాటకంలో. అప్పుడు నేను స్టేజీ కింద కూచుని బాకా ఊదేవాణ్ణి. చిన్న పనేలే, గొప్పలు చెప్పుకోను," అన్నాడు రోస్కో.

"నీకసలు అలవాటే లేదుగా," అన్నాడు డ్రమ్ములు వాయించే మోజెస్.

"మొదటి రోజు ఆ పిల్ల పాట ఎత్తుకుంది, జనం టోపీలు పెట్టుకుని లేచిపోతున్నారు, నాకు జాలేసి కాగితం పక్కన పడేసి ఓ చిన్న సంగతి వేశాను. లేచినవాళ్లు ఎక్కడివాళ్లక్కడ కూలబడ్డారు. ఆ తర్వాత ఏమైందో తెలుసా? వెళ్లిపోయినవాళ్లు టాక్సీలు తిప్పుకుని మళ్లీ టిక్కెట్లు కొనుక్కున్నారు."

"మరి టాక్సీవాళ్లు?"

"వాళ్లూ కొన్నారు. రోడ్డంతా ఖాళీ టాక్సీలే. ఇంకో చుట్టు ఊదేసరికి పక్క థియేటర్లో నాటకమాడేవాళ్లు వేషాలతో సహా వచ్చేశారు. రాజు వచ్చాడు, రాజు పొడిచి చంపినవాడూ వచ్చాడు."

"చచ్చినవాడికి సీటు దొరికిందా?"

"నిలబడే విన్నాడు. అప్పుడు పైస్థాయిలో ఒక్క స్వరం పట్టుకున్నాను తమ్ముడూ, హడ్సన్ నది పారడం ఆపేసి విన్నది. ఓడలు ఎక్కడివక్కడ. ఊపిరి తీసుకుందామని బాకా దించబోతే మేయరుగారి మనిషి పరిగెత్తుకొచ్చి, 'బాబ్బాబు, ఆపకు, ఆగిన నీరంతా ఒక్కసారి మీద పడితే ఊరు కొట్టుకుపోతుంది' అని కాళ్లు పట్టుకున్నాడు. తెల్లారేదాకా ఊదుతూ కొంచెం కొంచెంగా వదిలాను నదిని."

వీడి మాటలు కోటలు దాటుతాయి, అనుకున్నాడు క్లియాన్, మనసులోనే కాండ్రించి ఉమ్మి. ఒడెస్సా చేతిలో గుడ్డ ఆగింది. కొంపదీసి నమ్మేసిందా? జనాన్ని లాక్కొచ్చేది ఇలాంటి నోరే అనుకుంటోందేమో. ఈ కుర్చీ పోతే తనకి మళ్లీ హోటల్లో అంట్లు తోమడమే గతి.

"ఆ పాట మొదలెట్టే ముందు స్టేజీ మీద ఆ పిల్ల నాలుగు ముక్కలు కథ చెప్పినట్టు పాడుతుంది," అంది ఒడెస్సా. "మీ జాజ్‌వాళ్లు అది వదిలేసి ఏకంగా పాటలోకి దూకుతారు. ఒక్కసారి అది ఊదు, విందాం."

రోస్కో నవ్వాడు. "ముందేమీ లేదక్కా. పాటకి ప్రాణం పోసినవాణ్ణి, నాకు తెలీదా?"

ఒడెస్సా గ్లాసు పక్కన పెట్టి పాడింది. గొంతు బొంగురుపోయింది గానీ శ్రుతి తప్పలేదు. అక్కడెవరూ ఎన్నడూ విననివి ఆ నాలుగు ముక్కలు. అవి తిన్నగా వెళ్లి అందరికీ తెలిసిన పాటలో కలిసేసరికి మోజెస్ తినడం మానేశాడు.

"ఆ పిల్లని నేనే," అంది. "వారం తిరక్కుండా మూసేశారు ఆ నాటకం. గతిలేక స్టేజీ కింద ఒక్క పియానో పెట్టారు. బాకా లేదు, నువ్వూ లేవు."

రోస్కో తొణకలేదు. "ఉన్నానక్కా. నీ గొంతు జనానికి వినపడాలని మరీ మెల్లగా ఊదాను. అందుకే నీకు తెలీలేదు."

"హడ్సన్‌కి వినపడింది, పక్కనున్న మనిషికి వినపడలేదన్నమాట," అన్నాడు మోజెస్.

"పోనీలే," అంది ఒడెస్సా మళ్లీ గుడ్డ అందుకుని. "శనివారం కూడా నీ గదిలో కూచుని అంత మెల్లగానే ఊదు నాయనా. వినపడకపోయినా మేమేమీ అనుకోం. ఇక్కడ క్లియాన్ ఊదుతాడు."