అయ్యోరి బావి దగ్గర మాలకొండమ్మ అన్న మాట

ఊరికి పడమరగా, సర్కారు తుమ్మల వెనక అయ్యోరి బావి ఉంది చూడండి, దాని దగ్గరికి మేకలు కూడా పోవు. పాములున్నాయని మీ నాయన్లు చెప్పుంటారు. పాములేం లేవక్కడ. పామైతే కర్రతో పోద్ది.

వెనకటికి మన వీధిబడికి ఒక అయ్యోరుండేవాడు, ఆయన మాటల శాస్త్రమేదో పట్టాడు. పండుతుంది అంటే ఇంకా పండలేదని, పండింది అంటే పండిందని, మనకి అంతే గదా? ఆయనకి అంతే కాదు. మాట చివరి ముక్క మారిస్తే కాలమే మారుద్దని కనిపెట్టి, ఆ బావి గట్టున కూచుని, పచ్చి చింతకాయ చేతిలో పెట్టుకుని 'పండింది' అంటే చేతిలోనే పండేదంట. ఒకరోజు గిట్టని చుట్టమెవరో వెతుక్కుంటా వస్తే, ఈయన బావి మెట్ల మీద నక్కి, గొంతు మార్చి, 'అయ్యోరు వెళ్ళిపోయారు' అన్నాడు. వెళ్ళిపోయాడు. కండువా మెట్టు మీద దొరికింది, మనిషి దొరకలేదు. గొంతొకటి మాత్రం బావిలో మిగిలింది. దానికి సొంత మాటంటూ లేదు. మనం అన్న మాటనే తోక పట్టుకుని, జరిగిపోయినట్టు తిప్పి చెప్తది. చెప్పిందంటే జరిగిపోయినట్టే.

సరే, మూడేళ్ళు వానల్లేని కాలమొచ్చింది, ఊళ్ళో బావులన్నీ ఎండినయ్యి, ఆ ఒక్క బావిలోనే తడి ఉందని పూడిక తియ్యటానికి ఊరంతా కలిసి చెంచయ్యని దింపారు. బావులు తవ్వటంలో అతన్ని మించినోడు లేడు. ఎవరూ నోరు మెదపకూడదని ముందే అనుకున్నారు, మధ్యాన్నం దాకా బాగానే సాగింది. లోపల ఉక్క, పైన ఎండ, మనం రోజుకి నాలుగుసార్లు అనే మాటే, చెంచయ్య పైనున్న వాళ్ళన్న పిచ్చయ్యతో 'ఉక్కకి పోతున్నానన్నా' అనేశాడు. 'పోయావు' అనింది బావి, బళ్ళో పాఠం దిద్దినట్టు, మెల్లిగా.

తట్టలో పైకి లాగేసరికి ఊపిరి లేదు.

చెంచయ్య పెళ్ళాం మాలకొండమ్మ బీడు పడ్డ చేలో పుల్లలేరుకుంటా ఉంది. కబురు విని కొంగు కూడా దోపుకోకుండా పరిగెత్తుకొచ్చింది. అప్పటికే పిచ్చయ్య, 'ఏం చేస్తాం, పొద్దుగూకే లోపల తీసుకుపో–' అనబోతున్నాడు. బావగారి ఎదట ఏనాడూ నిలబడి ఎరగని మనిషి, చెయ్యి పెట్టి ఆయన నోరు మూసింది. ఆ మాట పూర్తయితే ఏమయ్యేదో మీరే అనుకోండి. పిచ్చయ్యకి కోపమొచ్చింది, ఏడుపూ వచ్చింది. ఆమె మొగుడి తల ఒళ్ళో పెట్టుకుని గట్టు మీద కూచుంది.

ఆమెకి శాస్త్రం తెలుసా? వేలిముద్ర మనిషి. కడుపులోంచి వచ్చిందే అనింది.

"ఇవ్వను."

"ఇవ్వలేదు" అనింది బావి.

చుట్టూ ఉన్నోళ్ళకి అర్థం కాలేదు గానీ ఆమె చెవి అక్కడే ఆగిపోయింది. ఇస్తానంటే ఇచ్చావంటది. ఇవ్వనంటే ఏమనగలదు? ఎటు తిప్పినా ఇవ్వనిదే గదా? ఆమె బావిలోకి వంగి మళ్ళీ అనింది.

"ఇవ్వను అయ్యోరూ."

"ఇవ్వలేదు."

"వదలను."

"వదల్లేదు."

"ఒప్పుకోను."

ఈసారి గొంతు కాస్త తడబడింది. "ఒప్పుకోలేదు" అనింది. ఆమె ఇవ్వలేదని, వదల్లేదని, ఒప్పుకోలేదని బావే సాక్ష్యం చెప్పాక, ఇక ఆ మనిషి పోవటం ఎట్లా కుదురుద్ది? కానీ వెంటనే ఏం జరగలేదు. ఆమె అంటానే ఉంది, బావి తిప్పతానే ఉంది, ఆమె నాలుక పిడచకట్టుకుపోయింది, ఎండ తగ్గి పక్షులు మళ్ళుతున్నయ్యి, అప్పుడు చెంచయ్య బొటనవేలు కదిలింది. పిచ్చయ్య చూసి నోటికి కండువా అడ్డం పెట్టుకున్నాడు, ఏ మాట జారుద్దోనని.

చెంచయ్య లేచి కూచున్నాడు, దగ్గాడు, ఇంత మట్టి ఉమ్మాడు. చిన్నప్పుడు ఆ అయ్యోరి దగ్గర చదువుకున్నోడే, అలవాటు చొప్పున బావి వైపు తిరిగి చేతులు జోడించి 'వెళ్ళొస్తా' అనబోయాడు. వెళ్ళొచ్చావు అంటే ఏమయ్యేది? ఇల్లు చేరి, మళ్ళీ అదే గట్టు మీద ఉండేవాడు. మాలకొండమ్మ మోచేత్తో అతని డొక్కలో ఒక్క పోటు పొడిచి, చెయ్యి పట్టి లాక్కుపోయింది. సెలవు అడగలేదు, వెనక్కి తిరగలేదు. ఆ తర్వాత ఇరవై ఏళ్ళు బతికాడు చెంచయ్య, తూర్పున మంచినీళ్ళ బావి తవ్వింది ఆయనే. పిచ్చయ్య మాత్రం మరదలు కనపడితే పక్కకి తప్పుకుని దారిచ్చేవాడు.

కాబట్టి అటు పోవద్దు. ఏం, మేమూ కాదంటాం అనుకుంటున్నారా? పక్కింటోళ్ళు నిచ్చెన అడిగితే ఇవ్వనని చెప్పలేక మంచం కింద దూరే జనం మీరు. చుట్టు తిరుగుడైనా సరే, చెరువు కట్ట మీదుగా పొండి.