అడుగు వరసలో పెద్ద ఫోటో

ఫ్లెక్సీలు వేసే కొట్టు, మధ్యాహ్నం. కంప్యూటరు ముందు కొట్టు యజమాని. పక్కన స్టూలు మీద రిటైరైన బస్సు డ్రైవరు.

"ఇంకా పెద్దదా?"

"ఇంకాస్త బాబూ."

"డ్రైవరు గారూ, ఇప్పటికే మీ తలకాయ జిల్లా నాయకుడి తలకాయని మించిపోయింది. ఇంకాస్త లాగానంటే మీ జుట్టు వెళ్లి పైనున్న పెద్ద నాయకుడి గడ్డానికి తగులుతుంది."

"తగలనీ."

"తగలనీ ఏంటండీ! పార్టీలో చేరి ఎన్నాళ్లయింది మీరు?"

"మొన్న మంగళవారం."

"ఇవాళ శనివారం. నాలుగు రోజులకే ఇంత ఊపా! మీ స్పీడు చూస్తుంటే వచ్చే మంగళవారానికి పార్టీయే మీది."

"నువ్వు లాగు బాబూ."

"పద్ధతి ఒకటుంటుందండీ దీనికి. పైన మూలలో పెద్ద నాయకుడు. ఆయన సైజు జోలికి ఎవరూ పోరు. ఆయన కింద జిల్లా ఆయన. పక్కన మన వార్డు ప్రెసిడెంటు, నడుం దాకా, చెయ్యి ఊపుతూ. అడుగు వరసలో మీలాంటి కొత్తవాళ్లు, బఠాణీ గింజల్లా. బఠాణీ గింజ పుచ్చకాయనవుతానని కూర్చుంటే నేనేం చెయ్యను?"

"నాకు పైన వద్దు. అడుగునే పెట్టు. పెద్దదిగా పెట్టు. మనిషి నడిచిపోతుంటే కళ్లకి ఎదురుగా ఉండాలి."

"ఎవరి కళ్లకి?"

"నడిచేవాళ్ల కళ్లకి."

"అబ్బబ్బా, ఏం మోజండీ ఇది! సరే, ఒక మాట అడుగుతా, నిజం చెప్పండి. ఎందుకు చేరారు?"

"ఊరికే."

"ఊరికే ఎవడూ చేరడు. పద్నాలుగేళ్లుగా ఈ కుర్చీలో కూర్చుని చూస్తున్నా. ఈ కంప్యూటర్లో రెండు వేల తలకాయలున్నాయి. ఏ తలకాయ ఎందుకు చేరిందో చెప్పమంటారా? ఇదిగో, ఈ మీసాలాయన. బావమరిది అవతలి పార్టీలో చేరాడని ఈయన ఇవతల చేరాడు. రేపు బావమరిది ఇటొస్తే ఈయన అటు పోతాడు. ఈ కళ్లద్దాలావిడ అపార్టుమెంటు సంఘం ఎన్నికల్లో ఓడిపోయింది. మెట్ల మీద లైటు గురించి పదహారు వాటాల వాళ్లు ఆవిడ మాట వినలేదట. ఇప్పుడు దేశాన్ని వినమంటోంది."

"ఈయన మందుల షాపాయన కదూ?"

"ఆయనే. షాపు ముందు బండ్లు ఆపొద్దంటే ఎవరూ లెక్కచెయ్యట్లేదని చేరాడు. ఇప్పుడు ఊరి బండ్లన్నీ పక్కకి పోయాయి, ఆయన కారొక్కటే రోడ్డుకి అడ్డం."

"వీళ్లలో మంచివాళ్లే లేరా?"

"ఎందుకు లేరూ, ఉన్నాడొకడు. మీటింగుకి ముందు కుర్చీలు వేస్తాడు, అయ్యాక తీస్తాడు. పార్టీ పుస్తకం మొదట్నించి చివరిదాకా చదివినవాడు వాడొక్కడే. చదివింది అడుగుతాడేమోనని వాణ్ణి స్టేజీ దగ్గరికి రానివ్వరు. వాడి ఫోటో నా దగ్గర లేదు. ఎవరూ వెయ్యమని చెప్పలేదు."

"పార్టీ మారినవాళ్ల సంగతేంటి?"

"వాళ్లే నాకు అన్నం పెడుతున్నారు. మొహం మారదు, నవ్వు మారదు, కండువా రంగు మారుస్తా. రెండు నిమిషాల పని. ఒకాయనకి ఏడాదిలో నాలుగుసార్లు మార్చా. ఆఖరికి ఆయనే వచ్చి, 'ఇప్పుడు నేనెక్కడున్నానోయ్' అని నన్నడిగాడు."

"మరి నువ్వే పార్టీ?"

"పన్నెండు అడుగులు, ఎనిమిది అడుగులు. అదీ నా పార్టీ. మాట మార్చకండి. ఎందుకు చేరారు?"

"ఏదో... ప్రజాసేవ."

"ప్రజాసేవ! సేవ చేసేవాడికి ముప్పై ఏళ్ల కిందటి ఫోటో ఎందుకండీ?"

"ముప్పై రెండు."

"ముప్పై రెండట! పదేళ్లు తగ్గించమనేవాళ్లని చూశా. తెల్ల జుట్టుకి రంగు వెయ్యమనేవాళ్లని చూశా. ఏకంగా పెళ్లికొడుకు వయసుకి పోయినవాళ్లు మీరే. రేపు మన ఊరొచ్చే పెద్ద నాయకుడు, ఎవరయ్యా ఈ ఒత్తు జుట్టబ్బాయి అని అడిగాడనుకోండి. మిమ్మల్ని చూపిస్తే ఏమైపోతాడు? నెత్తి మీద నాలుగు వెంట్రుకలు కూడా లేవు మీకు."

"అడగడులే."

"పోనీ ఈ ఖాకీ చొక్కా తీసి తెల్లది వేస్తా."

"వద్దు! చొక్కా ముట్టుకోకు."

"జేబు చిరిగితే కుట్టేసినట్టుందండీ."

"ఉండనీ."

"జుట్టయినా దువ్వనివ్వండి."

"వద్దంటే వద్దు బాబూ. ఫోటోలో ఎలా ఉందో అలాగే ఉండాలి. నీకు దణ్ణం పెడతా."

"సరే, సరే. నాలుగు ఫ్లెక్సీలన్నారు. నాలుగూ రేపు నాయకుడొచ్చే మెయిన్ రోడ్డు మీదేగా?"

"కాదు. పాత డిపో గేటు దగ్గర ఒకటి. పెద్దాసుపత్రి వెనక గేటు దగ్గర ఒకటి. కూరగాయల మార్కెట్లో షెడ్డు కింద ఒకటి. ఇంకోటి స్టేషన్ బయట కుళాయి పక్కన."

"కుళాయి పక్కనా? పెద్ద నాయకుడు బిందె పట్టుకుని వస్తున్నాడా ఏంటి?"

"ఆయన రాకపోయినా ఫర్లేదు. ఖర్చంతా నేను పెట్టుకుంటున్నా కదా."

"మీరు పెట్టుకున్నా ప్రెసిడెంటు ఒప్పుకోవాలి. ఈ సైజు చూశాడంటే నా కొట్టుకి తాళం వేయిస్తాడు. అదిగో, వస్తున్నాడు. మీరే చెప్పుకోండి, నాకు తెలీదు. రండి రండి ప్రెసిడెంటు గారూ, కూర్చోండి."

"కూర్చునే టైమెక్కడుందోయ్! నా ఫోటో చూపించు. ఆ... బాగుంది. గడ్డం కింద ఆ రెండో గడ్డం తీసెయ్."

"రెండోది తీసేశానండీ. అది మూడోది."

"అదీ తీసెయ్. మరి ఇదేంటి? ఈ అడుగున ఎవడు వీడు? నా మొహం కంటే వీడి మొహం పెద్దదుందేంటి?"

"అదే చెప్పబోతున్నానండీ. ఈ డ్రైవరు గారు—"

"ఏమయ్యా డ్రైవరూ! నువ్వు చేరింది మొన్న. నేను ఇరవై రెండేళ్లు జెండా మోశా. లాఠీ దెబ్బలు తిన్నా. ఇదిగో, ఈ మోకాలు చూడు—"

"పోయినసారి ఎడమ మోకాలు చూపించారండీ."

"నువ్వు నోర్ముయ్యవోయ్. ఏమయ్యా, ఎవడు వీడు? ఆగాగు... ఆ ముక్కు నీదే. నీ కొడుకా?"

"అంటే... అదీ..."

"నసుగుతావేంటయ్యా! కొడుకేగా?"

"ఆ. అంతేనండీ. మావాడే."

"ఓరి నీ! అందుకా చేరావు! మొన్న కాగితం మీద సంతకం పెడుతూ ప్రజాసేవ అన్నావు. నాకు నిజంగా భయమేసింది. ప్రజాసేవ అంటూ వచ్చేవాడితో వేగలేమయ్యా. నాలుగు రోజులు పోయాక లేచి నిలబడి ప్రశ్నలేస్తాడు. కొడుకు కోసం అని ముందే చెప్తే పోయేదిగా!"

"చెబుదామనే అనుకున్నానండీ."

"ఇందులో సిగ్గెందుకు? మా పెద్ద నాయకుడు ఎవరి కోసం చేస్తున్నాడు? కొడుకు కోసం. జిల్లా ఆయన? అల్లుడి కోసం. మావాడు మూడోసారి పరీక్ష తప్పాడు. ఇక వాడికి ఈ దేశం తప్ప ఏం మిగిలింది?"

"నిజమేనండీ. మరి సైజు..."

"ఉండనీ, ఉండనీ. అడుగునే ఉందిగా. అడుగున ఉంటే ఎంత పెద్దదైనా అడుగే. కానీ మెళ్లో కండువా ఏదీ?"

"కండువా వద్దండీ."

"వద్దా?"

"మావాడు ఇంకా చేరలేదు కదండీ."

"అవును సుమా. చేరనివాడికి కండువా వేస్తే తప్పు. మనది పద్ధతి గల పార్టీ. రేపు తీసుకొచ్చెయ్, నాయకుడి చేత్తోనే వేయిద్దాం. ఏమోయ్, ఫోటో కింద 'యువనేత' అని పెట్టి వీడి పేరు వెయ్."

"పేరొద్దండీ!"

"పేరు కూడా వద్దా? పేరు లేకుండా మొహం దేనికయ్యా?"

"ఇప్పుడే వద్దండీ. నలుగురూ కుళ్లుకుంటారు."

"ఆహా! ముందు జనానికి మొహం అలవాటు చేసి, తర్వాత పేరు బయటపెడతావా? ఇరవై రెండేళ్లలో నాకీ ఐడియా రాలేదు చూడు! బస్సు తోలేవాడివని తక్కువగా చూశానయ్యా నిన్ను. ఏమోయ్, మావాడి ఫోటో కూడా ఇలాగే పేరు లేకుండా వెయ్."

"మీవాడు ఇచ్చిన ఫోటోలో నాలుక బయటపెట్టి ఉన్నాడండీ."

"వేరేది పంపిస్తాలే."

"ఇంకోటండీ. ఈయన వీటిని డిపో గేటుకీ, కుళాయి దగ్గరా కట్టమంటున్నారు."

"కట్టవోయ్! జనం తిరిగే చోట్లు. మున్సిపాలిటీ వాళ్లు వస్తే నా పేరు చెప్పు. మన ఫ్లెక్సీ మీద చెయ్యేసే మగాడెవడున్నాడు ఈ ఊళ్లో? డ్రైవరూ, పైకొస్తావయ్యా నువ్వు! వస్తా."

"వెళ్లొస్తానండీ... అదే, వెళ్లిరండి."

"వెళ్లాడు. అబ్బ, ఏం అబద్ధమండీ అది! వెన్న రాసినట్టు చెప్పారు. అసలు మీకు కొడుకున్నాడా?"

"లేడు."

"కూతురు?"

"లేదు. మేమిద్దరమే."

"మరి సిగ్గనిపించలేదా మీకు? డ్రైవరు గారూ, నేను మీ బస్సులోనే కాలేజీకి పోయేవాణ్ణి. మీకు గుర్తుండదు. వెనక పరిగెత్తుకొస్తుంటే అద్దంలో చూసి ఆపేవారు. మిగతా డ్రైవర్లు ఆపేవారు కాదు. అందుకే ఇవాళ మీరు గుమ్మంలోకి రాగానే లేచి నిలబడ్డా. చివరికి మీరూ ఇంతేనా?"

"ఏదో ఒకటి అనుకో. ప్రింటు మాత్రం ఇవాళే కొట్టు."

"అనుకోవడం కాదండీ, అసహ్యంగా ఉంది. ఆ ప్రెసిడెంటు దొంగ. దొంగని చూస్తే నాకేం అనిపించదు, రోజూ చూసేదే. మీలాంటి మనిషి తన కుర్రతనం ఫోటో పెట్టుకుని, ఊరంతా కట్టించుకుని, కింద నిలబడి మురిసిపోవడానికి పార్టీలో చేరాడంటే, ఇక మంచివాడని ఎవణ్ణి అనుకోవాలి నేను?"

"సాయంత్రానికి అయిపోతుందా?"

"చూశారా, నేను ఇంత తిట్టినా మీ గోల మీదే! ఇంటికెళ్తే మీ ఆవిడ ఏమంటుందండీ? ఈ వయసులో ఈ వేషాలేంటని చీపురు తియ్యదూ?"

"చూస్తే చాలు."

"ఏంటీ?"

"తను చూస్తే చాలంటున్నా. ఇంట్లో లేదు. తప్పిపోయింది. ఇవాళ్టికి పదకొండు రోజులు."

"ఏంటండీ మీరనేది?"

"రెండేళ్లుగా మతిమరుపు. నేను స్నానం చేసి వచ్చేసరికి గేటు తీసుకుని వెళ్లిపోయింది. చెప్పులు కూడా వేసుకోలేదు."

"అయ్యయ్యో. ముందే చెప్పరేంటండీ! పోలీసులకి..."

"కంప్లయింటు ఇచ్చా. ఫోటో తీసుకుని ఫైల్లో పెట్టారు. తన ఫోటోతో, నా ఫోను నంబరుతో కాగితాలు వేయించా. రెండొందలు. రోజంతా తిరిగి నేనే అంటించా. మర్నాడు పొద్దున వెళ్తే ఒక్కటీ కనపడలేదు. అన్నిటి మీదా పెద్ద నాయకుడు నవ్వుతున్నాడు. సుస్వాగతం అని."

"ఆ పోస్టర్లు... నేనే వేశాను."

"తెలుసు. కింద నీ కొట్టు పేరుంది. డిపో గోడ మీద ఒకదాన్ని గోటితో లాగాను. కింద తన నుదురు కనపడింది. ఇంకాస్త లాగేలోపే నలుగురొచ్చి నా కాలరు పట్టుకున్నారు. మా నాయకుణ్ణి చింపుతావా అని. వాళ్లలో ప్రెసిడెంటు కూడా ఉన్నాడు, గుర్తులేనట్టుంది. తన మీద ఎవడైనా అంటిస్తాడు బాబూ, పెద్ద నాయకుడి మీద ఎవడూ అంటించడు. మర్నాడే వెళ్లి చేరా."

"నన్ను క్షమించండి. ఏం కూశానో నాకే... ఆగండి, మీ ఫోటో తీసేసి మీ ఆవిడ ఫోటో పెడతా. ఎంత పెద్దదైనా పెడతా, ఒక్క రూపాయి ఇవ్వక్కర్లేదు. ప్రెసిడెంటు సంగతి నేను చూసుకుంటా. ఎవరైనా గుర్తుపట్టి ఫోను చేస్తారు."

"ఎవరు చేస్తారు? నువ్వేసిన రెండు వేల తలకాయల్లో ఒక్కదాన్నయినా రోడ్డు మీద ఆగి ఎవరైనా చూశారా? జనం చూడరు. తనే చూడాలి. ఆ నాలుగూ తను మొదట్నించీ తిరిగిన చోట్లు. డ్యూటీలో ఉన్నప్పుడు నాకు క్యారేజీ తెచ్చిన డిపో గేటది. చూస్తే అక్కడే ఆగిపోతుంది, కదలదు. నేను పొద్దున్నించీ నాలుగు చోట్లా తిరుగుతూనే ఉంటా."

"సరే, మీ ఫోటోనే ఉంచుదాం. కానీ ఇప్పటి ఫోటో పెట్టాలి కదండీ! ఈ కుర్రాడు మీరేనని నాకే అనుమానంగా ఉంది. ఆవిడకెలా తెలుస్తుంది?"

"ఇప్పటి నన్ను చూస్తే గుమ్మం దగ్గరే ఆపేస్తుంది బాబూ. 'మా ఆయన డ్యూటీకెళ్లారండీ, సాయంత్రం రండి' అంటుంది."