గాలితాడు పట్టి ఆకాశం చుట్టిన సపర్‌కుల్

ఉమ్సునాయ్ పక్కలోయలో పెళ్ళికి వెళ్తూ తన గుడారాన్ని మరిది కొడుకు సపర్‌కుల్‌కి అప్పజెప్పింది. తిరిగొచ్చేసరికి కర్రల గూడు నిలబడే ఉంది గానీ, మీది ఉన్ని కప్పు లేదు. గుడారంలో కూర్చుని తల ఎత్తితే ఆకాశమే.

సోన్‌కుల్ సరస్సు చుట్టూ ఉన్న పచ్చికల్లో దానికో కట్టుబాటు ఉంది. కప్పుని గాలి ఎత్తుకుపోతే అందరూ తలా కాస్త ఉన్ని వేసి కొత్తది చేసిస్తారు. మనిషి అజాగ్రత్త వల్ల పోతే ఆ మనిషి గొర్రెల ఉన్నే కోసి, ఆ మనిషే చేసివ్వాలి. చలి ముంచుకొస్తోంది. సంగతి తేల్చడానికి ఆ సాయంత్రం అందరూ ఆ గూట్లోనే చేరారు. ఉమ్సునాయ్ గిన్నెల్లో కుమిస్ పోసి ఇస్తోంది. వస్తూ వస్తూ వాగు దగ్గర ఆమె ఒకటి చూసింది. అయినా అడగలేదు. వీడే చెప్తాడేమో చూద్దామనుకుంది.

సపర్‌కుల్ ఆ పులిసిన గుర్రపు పాలు ఒక్క గుక్కలో తాగి మూతి తుడుచుకున్నాడు.

"గాలి లేచింది పెద్దమ్మా. నేనేం చేశాను? కప్పు ఎగిరిపోకుండా, గుడారం నడినెత్తి చక్రం నుంచి వేలాడే గాలితాడు పట్టుకున్నాను. ఎవడైనా అదే చేస్తాడు, అందులో గొప్పేముంది. కానీ నేను పట్టిన పట్టు సామాన్యమైంది కాదు కదా, తాడు రాలేదు, చక్రం రాలేదు, గుడారానికి గుడారమే లేచింది. మోకాలెత్తు లేచింది. సరేలే దిగుతుందిలే అని ఊరుకున్నాను. ఆ తర్వాత ఏమైందో తెలుసా? కిందికి చూస్తే సరస్సు నా చేతిలో గిన్నెంత ఉంది."

"గుడారం గుంజలు వేసినచోటే ఉన్నాయి కదరా," అన్నాడు ముసలి కాపరి ఒరోజ్‌బెక్.

"తెచ్చి ఉన్నచోటే దింపాను కదా బాబాయ్, వెంట్రుకవాసి తేడా లేకుండా. చెప్పనీ. తాడు ఎడమకి లాగితే గుడారం ఎడమకి, కుడికి లాగితే కుడికి. అలా కొండలు దాటాను, మబ్బులు దాటాను. మబ్బులంటే ఏమనుకున్నారు, గొర్రెలు. ఒక్కోదానికి మన లోయంత తోక. వాటి మధ్య తిరుగుతుంటే ఎదురుగా ఇంకో గుడారం, దాని వెనక ఇంకోటి, వందలు. మన తాతల కాలంలో గాలికి పోయినవన్నీ అక్కడే తిరుగుతున్నాయి. దారి తెలియదు పాపం. ఒకావిడైతే కిటికీలోంచి, 'నాయనా, సోన్‌కుల్ ఎటు' అని ఏడుస్తోంది."

"గుడారానికి కిటికీ ఏమిట్రా?"

"పైన అందరికీ ఉంటాయి బాబాయ్. నాకు మనసు ఆగలేదు. పొయ్యిలో మసి తీసి, మన కప్పు లోపలివైపు దారులన్నీ గీశాను. ఏ గాలి ఎక్కడ పుడుతుంది, వాన ఎక్కడ నిద్రపోతుంది, అంతా. మనం చుక్కలు అంటామే, అవి పైవాళ్ళ గుడారాల పొగరంధ్రాలు, లోపలి పొయ్యి వెలుగు అలా కనిపిస్తుంది. ప్రతి ఇంట్లోనూ టీ తాగించారు, ఇప్పటికీ కడుపు బరువు తగ్గలేదు. ఆఖరికి ఉత్తరాన కదలకుండా నిలిచే ఇనుపగుంజ చుక్క దగ్గరికి వెళ్ళాను. దానికి కట్టిన చుక్కల గుర్రాలు చుట్టూ తిరుగుతూనే ఉన్నాయి. అందులో ఒకదాని తాడు తెగబోతోంది. తెగితే రాత్రనేదే చెదిరిపోదూ? ముడి బిగించాను. ఆకాశం పెద్దలు చూసి, 'నాయనా, ఆ పటం మాకివ్వు, దారి తప్పినవాళ్ళు ఇళ్ళకి పోతారు' అని బతిమాలారు. ఇచ్చేశాను. నీ కప్పు పుణ్యానికి పోయింది పెద్దమ్మా."

గూడంతా నవ్వులు. ఉమ్సునాయ్‌కీ నవ్వొచ్చింది, ఆపుకోలేదు. చిన్నప్పటినుంచీ వీడింతే, వీడి మాటలు వింటే ఒంట్లో అలసట పోతుంది. కానీ ఆ గాలితాడు మాత్రం తను కొత్తకోడలిగా నేసింది, ఎరుపు మీద నల్లటి కొమ్ముల నేత. అది గుర్తొస్తే మనసు చివుక్కుమంది.

"అంత దూరం ఆ తాడు పట్టుకునే వెళ్ళావా?" అంది.

"ప్రాణం పోయినా వదల్లేదు పెద్దమ్మా."

"ఒక్క క్షణం కూడా?"

"ముక్కు దురద పెట్టినా గోక్కోలేదు."

ఉమ్సునాయ్ లేచి కర్రల సందులోంచి కిందికి చెయ్యి చూపింది. అందరూ మెడలు సాచారు. వాగు ఒడ్డున సపర్‌కుల్ గోధుమరంగు ఆడగుర్రం తీరుబడిగా మేస్తోంది. దాని ముందుకాలి నుంచి గుంజ దాకా ఎర్రటి పట్టీ, నల్లటి కొమ్ములు.

ఒరోజ్‌బెక్ గిన్నెలో మొహం దాచుకున్నాడు, భుజాలు మాత్రం ఊగుతున్నాయి. గాలి వచ్చే వేళ గాలితాడు ఊడదీసి గుర్రాన్ని మేతకి కట్టేవాడు ఆ పచ్చికల్లో ఇంకొకడు పుట్టలేదు.

సపర్‌కుల్ చెవులు ఎర్రబడ్డాయి. అయినా నోరు మూతపడలేదు.

"అదే పెద్దమ్మా, నేను చెప్పబోతున్నదీ అదే. ఇనుపగుంజ దగ్గర నేను ముడేసిన గుర్రం నా మీద ప్రేమకొద్దీ వెంట వచ్చేసింది, తాడుతో సహా."

ఉమ్సునాయ్ వాడి గిన్నె మళ్ళీ అంచుదాకా నింపింది.

"ఆకాశం గుర్రమా, ఇంకేం నాయనా. కొత్త కప్పుకి తడి ఉన్ని చుట్ట కట్టి, అది గట్టిపడేదాకా పచ్చికంతా ఈడ్పించాలంటే మామూలు గుర్రాలు అలిసిపోతాయి. పొద్దున్నే దాన్ని తోలుకురా. వచ్చేటప్పుడు నీ గొర్రెలు కూడా."